ఇల్యా మెచ్నికోవ్

ఇల్యా ఇల్యిచ్ మెచ్నికోవ్ (మే 15, 1845 - జూలై 15, 1916) రష్యాకు చెందిన సుప్రసిద్ధ జీవశాస్త్రవేత్త. రోగనిరోధక శక్తిపై చేసిన కృషికిగాను 1908లో పాల్ ఎర్లిక్‌తో కలిసి నోబెల్ బహుమతి పొందాడు. మనిషి ప్రేగులలోని సూక్ష్మజీవులకూ ఆరోగ్యానికీ సంబంధమున్నదని ప్రచారం చేసిన తొలి శాస్త్రజ్ఞులలో ముఖ్యుడు.

తొలి జీవితం

నాటి రష్యా సామ్రాజ్యంలోని (నేటి ఉక్రెయిన్) ఖార్కివ్ సమీప గ్రామంలో జన్మించాడు. ఖార్కివ్ విశ్వవిద్యాలయంలో నాలుగేళ్ళ చదువును రెండేళ్ళలోనే పూర్తిచేసి, తరువాత ఒడెస్సాలో జంతుశాస్త్ర ఆచార్యుడయ్యాడు. 1873లో మొదటి భార్య లుద్మిలా క్షయవ్యాధితో మరణించింది. 1880లో రెండవ భార్య ఓల్గాకు టైఫాయిడ్ సోకింది. ఆమె కోలుకున్నా అతని మనస్సు కుదుటపడలేదు. 1881లో తిరగబెట్టే జ్వరం సోకిన రోగి రక్తాన్ని తన శరీరంలోకి ఎక్కించుకొని చావు అంచులదాకా వెళ్ళి బ్రతికాడు.

భక్షక కణాలు

1882లో ఉద్యోగానికి రాజీనామా చేసి ఇటలీలోని మెస్సీనాకు వెళ్ళాడు. అక్కడ పారదర్శకంగా ఉండే నక్షత్రచేప డింభకాలలో గులాబీ ముళ్ళు గుచ్చి, మరునాటి ఉదయం సూక్ష్మదర్శినిలో పరిశీలించగా, సంచార కణాలు ముళ్ళ చుట్టూ మూగి కనిపించాయి. శరీరం తనను తాను రక్షించుకొనే తీరు ఇదేనని అతడు గ్రహించాడు. ఆ కణాలకే భక్షక కణాలని పేరు. 1888లో పారిస్‌లోని పాశ్చర్ సంస్థలో చేరి, జీవితాంతం అక్కడే పనిచేశాడు.

ప్రేగులలోని సూక్ష్మజీవులు

వృద్ధాప్యం ఎందుకు వస్తుందన్నది అతనిని చివరిదాకా వేధించిన ప్రశ్న. పెద్దప్రేగులో కుళ్ళు కలిగించే బాక్టీరియా విడుదలచేసే విషాలే దానికి కారణమని భావించాడు. బల్గేరియా పల్లెవాసుల దీర్ఘాయువుకు వారు త్రాగే పులిసిన పాలు (మన పెరుగు వంటివే) కారణమనుకొని, లాక్టిక్ ఆమ్లం కుళ్ళును అరికడుతుందని వాదించాడు. 1904లో పారిస్‌లో చేసిన ప్రసంగం తరువాత పెరుగుకు విపరీతమైన గిరాకీ ఏర్పడింది. తానూ రోజూ పులిసిన పాలు త్రాగేవాడు.

ఈ వాదంలో పొరపాట్లు చిన్నవి కావు. పెద్దప్రేగు మనిషికి అనవసరమనేంతవరకూ అతడు వెళ్ళాడు. ప్రేగుల విషాల సిద్ధాంతాన్ని నమ్మిన లండన్ శస్త్రవైద్యుడు ఆర్బత్‌నాట్ లేన్ ఎందరో రోగులకు పెద్దప్రేగును తొలగించాడు. బల్గేరియా బాక్టీరియా మనిషి ప్రేగులలో స్థిరపడదని 1920వ దశకంలో తేలింది. పెద్దప్రేగులోని బాక్టీరియా పీచుపదార్థాన్ని పులియబెట్టి ప్రేగుగోడ కణాలకు ఆహారం సమకూరుస్తాయని, రోగనిరోధక వ్యవస్థ ఎదుగుదలకు తోడ్పడతాయని ఇప్పుడు తెలుసు. అంటే అతడు విడివిడిగా పరిశోధించిన రెండు విషయాలూ నిజానికి ఒకదానితో ఒకటి ముడిపడినవే. ఆ ముడిని మాత్రం అతడు చూడలేకపోయాడు.

మరణం

హృద్రోగంతో 71వ యేట పారిస్‌లో మరణించాడు. చివరి గడియలలో, శవపరీక్ష చేసేటప్పుడు తన ప్రేగులను శ్రద్ధగా చూడమని వైద్యమిత్రుని కోరినట్లు ఓల్గా వ్రాసిన జీవితచరిత్ర తెలుపుతున్నది. అతని చితాభస్మాన్ని పాశ్చర్ సంస్థ గ్రంథాలయంలో ఉంచారు.