పేరు కనిపించని సంపాదకుడు – కొడవటిగంటి కుటుంబరావు

ఆధునిక తెలుగు కథా, నవలా రచయితలలో అగ్రగణ్యులు కొడవటిగంటి కుటుంబరావు. 1909 అక్టోబరు 28న తెనాలిలో జన్మించారు. బాల్యంలోనే తల్లిదండ్రులను కోల్పోయారు. విజయనగరంలో భౌతికశాస్త్రం చదివి, ఉన్నత విద్యకై కాశీ హిందూ విశ్వవిద్యాలయంలో చేరారు. ఆర్థికమాంద్యం వల్ల ఆ చదువు మధ్యలోనే ఆగిపోయింది. తరువాత ఆయన పలుచోట్ల పలు ఉద్యోగాలు చేశారు.

నాగిరెడ్డి, చక్రపాణి 1947 జులైలో మద్రాసులో ‘చందమామ’ను ప్రారంభించారు. 1952లో కుటుంబరావు ఆ పత్రికలో చేరారు. నాటికే ఆయన లబ్ధప్రతిష్ఠులైన రచయిత. అయినను పత్రికపై సంపాదకుడుగా చక్రపాణి పేరే ఉండేది. పేరులేని ఆ బాధ్యతను కుటుంబరావు ఇరవై ఎనిమిదేళ్లు నిర్వహించారు.

పాఠకులు పంపిన కథలలో మంచి ఊహ ఉండి కథనం కుదరకపోతే ఆయన వాటిని తిరిగి రాసేవారు. సర్కారు జిల్లాల బాలునికీ, నల్లగొండ, పాలమూరు మెరకసీమల బాలునికీ ఒకే విధంగా బోధపడే సరళమైన వాడుక భాషను పత్రిక అంతటా పాటించారు. ప్రాచీన బేతాళ కథలు ఇరవై అయిదే. అవి ముగిసిన పిమ్మట కొత్త కథలను ఆ చట్రంలో ఇమిడ్చారు. కథాంతంలో బేతాళుడు వేసే చిక్కుప్రశ్న బాలుర వివేకానికి పరీక్ష అయింది.

1954లో దాసరి సుబ్రహ్మణ్యం ‘తోకచుక్క’తో ఉత్కంఠభరితమైన ధారావాహికలకు శ్రీకారం చుట్టారు. నాయకుడు ఆపదలో ఉండగా ఒక భాగం ముగిసేది. తరువాతి భాగానికై పిల్లలు నెలరోజులు నిరీక్షించేవారు.

భౌతికవాది అయిన కుటుంబరావు మాంత్రికుల, రాక్షసుల కథలను ప్రచురించడమేమి అన్న సందేహం కలగడం సహజం. అద్భుతాలను నమ్మే దశ బాల్యంలో ఉండితీరాలని, అది మనోవికాసానికి అవసరమని ఆయన భావించారు. దైవభక్తి కంటె మానవ సద్గుణాలకే కథలలో ప్రాధాన్యమిచ్చారు. మాయలు ఎన్ని ఉన్నా, ధైర్యమూ యుక్తీ కలవాడే గట్టెక్కడం ఆ కథలలోని నీతి.

1980 ఆగస్టు 17న మరణించేవరకు ఆయన ఆ కార్యాన్ని విడువలేదు. ‘చదువు’ నవలా రచయితగా ఆయనను ఎరిగినవారు అనేకులు. తమ బాల్యాన ప్రతి నెలా చదివిన పుటల వెనుక ఉన్నది ఆయన కలమేనని పాఠకులలో అనేకులకు తెలియదు. కీర్తిని ఆశింపక చేసిన ఆ పనివల్లనే తరతరాల తెలుగు బాలురకు చదవడం ఒక ఆనందమైంది.