జెండాను చెట్టుకు కట్టమన్న వృద్ధుడు

ప్రతి ఆగస్టు 15న మన విచారణల్లోని పిల్లలు బడి ఆవరణలో మూడురంగుల జెండాకు వందనం చేస్తారు. ఆ జెండాకు తొలి రూపమిచ్చిన పింగళి వెంకయ్యగారు మన మచిలీపట్నం ప్రాంతంవారేనని చాలామందికి తెలుసు. ఆయన ముసలితనం ఎలా గడిచిందో తెలిసినవారు తక్కువ.

వెంకయ్యగారు 1876 ఆగస్టు 2న మొవ్వ సమీపంలోని భట్లపెనుమర్రులో జన్మించారు. బందరులో చదువుకుని, పందొమ్మిదో ఏట సైన్యంలో చేరి దక్షిణాఫ్రికా వెళ్లారు. గాంధీగారితో పరిచయం అక్కడే కలిగింది. తిరిగి వచ్చాక బందరు జాతీయ కళాశాలలో ఉపాధ్యాయులయ్యారు. జపాను భాష నేర్చినందుకు జపాన్ వెంకయ్య అనీ, పత్తి సాగుపై చేసిన కృషికి పత్తి వెంకయ్య అనీ, ఖనిజాల పరిశోధనకు డైమండ్ వెంకయ్య అనీ ప్రజలు పిలిచారు.

దేశానికొక జెండా ఉండాలన్న తపనతో 1916లోనే ఎన్నో నమూనాలతో పుస్తకం ప్రచురించారు. 1921లో బెజవాడ కాంగ్రెసు సమావేశాల్లో ఎరుపు, ఆకుపచ్చ రంగుల జెండాను గాంధీగారికి అందించారు. తరువాత తెలుపు, రాట్నం చేరాయి. 1931లో ఎరుపు స్థానంలో కాషాయం వచ్చింది. 1947 జులై 22న రాట్నానికి బదులు అశోకచక్రంతో రాజ్యాంగసభ దానిని ఆమోదించింది.

జెండా ఎర్రకోటపైకి చేరింది. వెంకయ్యగారు మాత్రం విజయవాడ చిట్టినగరులో పేదరికంలో వృద్ధాప్యం గడిపారు. అభిమానులు సన్మానించి కొంత ధనం అందజేసేనాటికి 1963 వచ్చింది. ఆ ఏడాదే జులై 4న, 86 ఏళ్ల వయసులో, కన్నుమూశారు.

మరణం దగ్గరపడిందని తెలిసినప్పుడు ఆయన ఆస్తి గురించి గానీ, విగ్రహం గురించి గానీ మాట్లాడలేదు. తన భౌతికకాయంపై మూడురంగుల జెండా కప్పాలనీ, శ్మశానానికి చేరాక దానిని తీసి అక్కడి రావిచెట్టుకు కట్టాలనీ కోరారు. తాను పోయినా జెండా ఎగురుతూ ఉండాలన్న కోరిక అందులో కనబడుతుంది.

ఆయన తపాలాబిళ్ల 2009లో వచ్చింది. అప్పటికి ఆయన పోయి 46 ఏళ్లు.

మన ఇంటి అరుగు మీదా ఒక తాతయ్యో, అమ్మమ్మో కూర్చుని ఉండవచ్చు. చెప్పిందే చెబుతున్నారని మనం విసుక్కుంటాం. వారు పోయాక పటానికి దండ వేస్తాం. ఈ సాయంత్రమే పక్కన కూర్చుని, వారి చిన్ననాటి సంగతులు ఒక్కటి అడిగి చూడండి. వినేవారున్నారన్న సంతోషం వారికి బతికుండగానే దక్కాలి.