తెర వెనుక కూడా భానుమతి గారే

శ్రీమతి భానుమతీ రామకృష్ణ గారు 1925 సెప్టెంబరు 7న ఒంగోలు దగ్గరి దొడ్డవరంలో జన్మించారు. తండ్రి బొమ్మరాజు వెంకటసుబ్బయ్య గారు సంగీతజ్ఞులు, కూతురికి తొలి గురువు ఆయనే. 1939లో ‘వరవిక్రయం’తో చిన్న వయసులోనే తెరకెక్కారు.

1943లో సహాయ దర్శకులు పి.ఎస్. రామకృష్ణారావు గారిని ప్రేమించి పెళ్లాడి, ఇక నటన చాలనుకుని ఇంటిపట్టున ఉండిపోయారు. ఆమెను తిరిగి స్టూడియోకు రప్పించినది మన పులివెందుల ప్రాంతం వారైన బి.ఎన్. రెడ్డి గారు. 1945లో వచ్చిన ఆయన ‘స్వర్గసీమ’తో ఆమె పేరు మారుమోగింది. 1951లో ఆయనదే ‘మల్లీశ్వరి’. మన తరం వారికి ఆమె ఎప్పటికీ మల్లీశ్వరే గానీ, అప్పటికే ఆమె ఒక చిత్ర సంస్థకు యజమానురాలన్న సంగతి చాలామందికి గుర్తుండదు.

కుమారుడు భరణి పేరిట దంపతులిద్దరూ 1947లో భరణీ పిక్చర్స్ స్థాపించారు. ‘రత్నమాల’, ‘లైలా మజ్ను’ తీశారు. తర్వాత మద్రాసు సాలిగ్రామంలో స్టూడియో కూడా కట్టారు. ఒకరి చిత్రంలో నటిస్తే డబ్బు చేతికొస్తుంది. సొంత చిత్రం ఆడకపోతే కూడబెట్టినదంతా పోతుంది. తెలిసే దిగారు.

అంతవరకు దర్శకత్వం భర్తది. 1953లో ‘చండీరాణి’కి ఆమే దర్శకురాలయ్యారు. కథ ఆమెది, నాయికగా ద్విపాత్రాభినయం ఆమెదే, సరసన ఎన్.టి. రామారావు గారు. పైగా తెలుగు, తమిళం, హిందీ మూడు భాషల్లో ఒకేసారి! ఒకే సన్నివేశాన్ని మూడు భాషల్లో నటిస్తూ, తక్కినవారి చేత నటింపజేయాలి. మూకీ చిత్రాల్లో ఫాత్మా బేగం, తమిళంలో టి.పి. రాజలక్ష్మి అంతకుముందే దర్శకత్వం వహించారు. తెలుగులో మాత్రం ఈమెదే మొదటి అడుగు. మరుసటి సంవత్సరం రామకృష్ణ గారి దర్శకత్వంలో వచ్చిన ‘విప్రనారాయణ’కు జాతీయ పురస్కారం లభించింది.

మాట పడే మనిషి కాదు. ‘మిస్సమ్మ’ పాత్ర మొదట ఆమెదే. కొంత చిత్రీకరణ జరిగాక, బి.ఎన్. గారి తమ్ముడు నాగిరెడ్డి, చక్రపాణి గార్లతో పొసగక వదులుకున్నారు. ఆ పాత్రతో వెలిగిన సావిత్రి గారు 1968లో ‘చిన్నారి పాపలు’తో తానూ దర్శకురాలయ్యారు. పాపం, ఆమెకు సొంత చిత్రాలు కలిసిరాలేదు. భానుమతి గారు నిలదొక్కుకున్నారంటే, పక్కన రామకృష్ణ గారు ఉండడం ఒక కారణమని నాకనిపిస్తుంది.

1974లో ‘అమ్మాయి పెళ్లి’, 1982లో అందరూ బాలలే నటించిన ‘భక్త ధ్రువ మార్కండేయ’కు దర్శకత్వం వహించారు. మనం పింఛను కాగితాలు సిద్ధం చేసుకునే వయసులో ఆమె పిల్లలకు నటన నేర్పుతున్నారు. ‘అత్తగారి కథలు’ రాశారు, మద్రాసు సంగీత కళాశాలకు ప్రిన్సిపాలుగా పనిచేశారు. 1966లో పద్మశ్రీ, 2001లో పద్మభూషణ్ అందుకున్నారు. 2005 డిసెంబరు 24న చెన్నైలో కన్నుమూశారు.