కోడి రామమూర్తి నాయుడు

కోడి రామమూర్తి నాయుడు (1882 – జనవరి 16, 1942) సుప్రసిద్ధ తెలుగు మల్లయోధుడు, బలప్రదర్శకుడు, సర్కస్ సంస్థ నిర్వాహకుడు. కలియుగ భీముడు, ఇండియన్ హెర్క్యులిస్ అనే బిరుదులతో ప్రఖ్యాతి పొందాడు. మల్లయోధుడుగానే లోకం ఆయనను ఎరుగును గాని, ఆయన జీవితంలో అధికభాగం గోదాలో గాక సర్కస్ గుడారంలో, రైలు ప్రయాణాలలో గడిచింది. కుస్తీ ఆయన నేర్చిన విద్య. ఊరూరా తిరిగి చేసిన బలప్రదర్శన ఆయన వృత్తి.

== బాల్యం, విద్యాభ్యాసం ==
రామమూర్తి వీరఘట్టంలో జన్మించాడు. ఈ ఊరు అప్పట్లో మద్రాసు ప్రెసిడెన్సీలోను, తరువాత శ్రీకాకుళం జిల్లాలోను ఉండేది. 2022 నుండి పార్వతీపురం మన్యం జిల్లాలో ఉన్నది. తండ్రి కోడి వెంకన్న నాయుడు. చిన్నతనంలోనే తల్లిని కోల్పోయిన రామమూర్తిని తండ్రి విజయనగరంలో పోలీసు ఇన్‌స్పెక్టరుగా పనిచేస్తున్న తన తమ్ముడు నారాయణస్వామి వద్దకు పంపాడు. అక్కడ పిల్లవానికి బడికంటె వ్యాయామశాల మీద మక్కువ కలిగింది. దండీలు, బస్కీలు, కుస్తీ పట్లతోపాటు ప్రాణాయామం కూడా అభ్యసించాడు. శాకాహారిగా పేరొందాడు. ఇరవై ఒక్క ఏళ్ళకే ఛాతీపై ఒకటిన్నర టన్నుల బరువును, కాలక్రమంలో 3 టన్నులను మోయగలిగాడని జీవితచరిత్రకారులు వ్రాశారు.

అనంతరం మద్రాసు సమీపంలోని సైదాపేట కళాశాలలో ఒక సంవత్సరం వ్యాయామశిక్షణ పొంది, ధ్రువపత్రం తీసుకొని, విజయనగరంలో తాను చదివిన పాఠశాలకే వ్యాయామోపాధ్యాయుడుగా తిరిగివచ్చాడు. సాధారణంగా ఇటువంటి జీవితం ఇక్కడ స్థిరపడిపోతుంది. రామమూర్తి ఆ ఉద్యోగాన్ని విడిచిపెట్టి సర్కసులోకి అడుగుపెట్టాడు.

== కుస్తీ నుండి సర్కసుకు ==
ఈ మార్పు అర్థం కావాలంటే ఆ కాలపు మల్లుల బ్రతుకుతెరువు తెలియాలి. భారతదేశంలో పెద్ద వస్తాదులు సంస్థానాధీశుల ఆశ్రయంలో జీవించేవారు. జగద్విఖ్యాతుడైన గామా (1878-1960) అంతటివాడు కూడా దతియా, పటియాలా రాజుల పోషణలోనే వృద్ధిలోకి వచ్చాడు. రాజు పంపకం చేసిన పాలు, బాదంపప్పు లేకుంటే ఆ దేహాలు నిలిచేవి కావు. అయితే అప్పటికి మరొక పోషకుడు తయారయ్యాడు: టిక్కెట్టు కొని చూసే ప్రేక్షకుడు. 1880లో విష్ణుపంత్ ఛత్రే తొలి భారతీయ సర్కసును ప్రారంభించాడు. 1904-05లో జర్మనీలో పుట్టి లండనులో స్థిరపడిన యూజిన్ శాండో (1867-1925) భారతదేశమంతటా పర్యటించి, కండలను చూపి ధనం సంపాదించవచ్చునని నిరూపించి వెళ్ళాడు.

రామమూర్తి విజయనగరంలో మిత్రుడు పొట్టి పంతులు సహకారంతో సర్కస్ సంస్థను స్థాపించాడు. తుని రాజావారి ఆదరణ కూడా లభించింది. ఇటువంటి సంస్థ తెలుగుదేశంలో మనగలగడానికి రైలుమార్గం ముఖ్య కారణం. 1893లో బెజవాడ నుండి తూర్పుతీరపు రైలుమార్గం మొదలైంది. 1900లో రాజమండ్రి వద్ద గోదావరి వంతెన పూర్తయింది. అంతవరకు కాలువలలో పడవలమీద, వర్షాకాలంలో దిగబడిపోయే బండ్లమీద సాగిన ప్రయాణం సులువైంది. తుని నుండి దక్షిణంగా వచ్చే బండి రాజమండ్రి దాటి తాడేపల్లిగూడెం, భీమడోలు, ఏలూరు మీదుగా, కొల్లేటి సరస్సుకు ఉత్తరపు అంచున బెజవాడ చేరుతుంది. గుడారం గుంజలు, జంతువులు, పరివారం, వంటసామాను అన్నిటినీ మద్రాసుకు గాని కలకత్తాకు గాని తరలించగల దారి ఇది. మల్లుణ్ణి రాజు కోట గుమ్మం నుండి విడిపించినది ఒకవిధంగా ఈ పట్టాలే.

== ప్రదర్శనలు ==
ఛాతీకి, భుజాలకు బిగించిన ఇనుపగొలుసును ఊపిరి బిగబట్టి త్రెంచడం, రెండు చేతులతో రెండు కార్లను కదలకుండా ఆపడం, ఛాతీపై ఏనుగును ఎక్కించుకోవడం ఆయన ప్రదర్శనలలో ముఖ్యమైనవి. వైస్రాయి లార్డ్ మింటో (పదవీకాలం 1905-1910) విశాఖపట్నం వచ్చినప్పుడు, ఆయన కూర్చున్న కారును గొలుసుతో పట్టి ముందుకు పోనీయలేదని ప్రతీతి.

ఈ విద్యలలో మాయ ఏమీ లేదు. అట్లని అవి సులువైనవీ కావు. ఏనుగు బరువు దేహంమీద నేరుగా పడదు. మధ్యనున్న చెక్కపలక ఆ భారాన్ని విస్తరింపజేస్తుంది. క్రింద పడుకున్నవాడు రొమ్మునిండా గాలి నింపి, కొన్ని క్షణాలపాటు ఒక్క కండరమూ సడలకుండా నిలవాలి. ఊపిరి జారితే ఎముకలు మిగలవు. ప్రాణాయామ సాధన ఇక్కడే అక్కరకు వచ్చింది. ఇక ఆ కాలపు కార్ల సంగతికి వస్తే, ఆ తరంలో ఎక్కువమంది ఎరిగిన ఫోర్డ్ మోడల్-టి శక్తి 20 అశ్వశక్తులు మాత్రమే. అయినను చేతులతో ఆపడానికి 20 గుర్రాలు తక్కువ కావు.

స్వదేశీ ఉద్యమం ఉధృతంగా సాగిన రోజులలో ఈ ప్రదర్శనలకు కొత్త అర్థం ఏర్పడింది. భారతీయులు బలహీనులని పాలకులు ఈసడించే కాలంలో, మాంసం ముట్టని ఒక ఆంధ్రుడు ఏనుగును మోయడం జనానికి వినోదంకంటె మించినదిగా తోచింది. పూనాలో లోకమాన్య బాలగంగాధర తిలక్ ఆయనను మల్లమార్తాండ బిరుదుతో సత్కరించాడు. పండిత మదనమోహన మాలవ్య ఆయనను అలహాబాదుకు ఆహ్వానించి, విదేశాలలో కూడా ప్రదర్శనలివ్వవలసినదిగా ప్రోత్సహించాడు. హైదరాబాదులో జగదేకవీర బిరుదు లభించింది.

కలకత్తాలో రామమూర్తి ప్రదర్శన చూసిన భవేంద్రమోహన్ సాహా అనే యువకుడు ఆయన సర్కసులో చేరి శిష్యుడయ్యాడు. రంగూన్, సింగపూర్, జావాలకు బృందంతో కలిసి వెళ్ళాడు. తరువాత ఇతడే భీమ్ భవానీ పేరుతో వంగదేశంలో ప్రసిద్ధుడై, గురువువలెనే ఛాతీపై ఏనుగును మోసి, 1922లో చిన్నవయసులోనే మరణించాడు. జావాలో ఒక డచ్చి మల్లుడు రామమూర్తిని సవాలు చేయగా, గురువుకు బదులు భవానీ గోదాలోకి దిగి గెలిచాడని వంగదేశపు కథనాలు చెబుతాయి. ఇది నిజమైతే, అప్పటికి రామమూర్తి కుస్తీలను శిష్యులకు విడిచి, సంస్థ యజమానిగా మెలగుతున్నాడని భావించవచ్చు.

== విదేశీ పర్యటనలు ==
లండనులో ఐదవ జార్జి చక్రవర్తి, మేరీ రాణి ఆయన ప్రదర్శన తిలకించి, బకింగ్‌హాం రాజప్రాసాదానికి ఆహ్వానించి ఇండియన్ హెర్క్యులిస్ అని గౌరవించినట్లు జీవితచరిత్రలు పేర్కొంటున్నాయి. ఫ్రాన్సు, జర్మనీ, స్పెయిన్, జపాన్ దేశాలను కూడా దర్శించినట్లు, స్పెయిన్‌లో పోట్లగిత్తను కొమ్ములు పట్టి లొంగదీసినట్లు వాటిలో ఉన్నది. రంగూన్‌లో ఆయనపై హత్యాప్రయత్నం జరిగిందని చెబుతారు. ఏనుగు ప్రదర్శనలో ఒకసారి ప్రక్కటెముక విరిగి నెలల తరబడి విశ్రాంతి తీసుకోవలసి వచ్చిందని కూడా చెబుతారు. పొగడ్తల నడుమ ఒక్క వాక్యంలో తేలిపోయే విషయమిది. సర్కస్ నాయకుడు మంచం పడితే ఆ నెలల టిక్కెట్ల డబ్బు పోయినట్లే. ఆయన మూలధనం ఆ దేహమే.

ఆయన కథకు, గామా కథకు ఇక్కడ ఒక భేదం కనబడుతుంది. గామా 1910 సెప్టెంబరు 10న లండనులో పోలండు మల్లుడు జిబిస్కోతో తలపడి కుస్తీ సమం చేశాడని తేదీతోసహా లిఖితమై ఉన్నది. కుస్తీకి ప్రత్యర్థి ఉంటాడు, ఫలితం ఉంటుంది. బలప్రదర్శనకు ప్రేక్షకుడు మాత్రమే ఉంటాడు. కాబట్టి రామమూర్తి చరిత్రలో గెలుపోటముల పట్టిక లేదు, బిరుదులే మిగిలాయి. ఆయనకు దక్కిన కీర్తిలో ఇది న్యాయమైన భాగం కాదని ఈ వ్యాసకర్త అభిప్రాయం. ప్రతి సాయంకాలం కొత్త ఊరిలో ఏనుగు క్రింద పడుకోవడం ఒకనాటి గెలుపుకంటె కష్టమైన పని.

== చివరి రోజులు ==
సంపాదించిన ధనాన్ని రామమూర్తి దానధర్మాలకు విరివిగా వ్యయం చేశాడు. వయసు మళ్ళిన తరువాత కాలిపై రాచపుండు లేచింది. వైద్యులు కాలు తీసివేయవలసి వచ్చినప్పుడు, మత్తుమందు నిరాకరించి ప్రాణాయామంతో బాధను ఓర్చుకున్నాడని చెబుతారు. గుడారంలో టిక్కెట్లు కొన్న జనంమీద ఆధారపడి బ్రతికిన మనిషికి చివరకు సంస్థానమే ఆశ్రయమైంది. నేటి ఒడిషాలోని పాట్నా సంస్థాన రాజధాని బలంగీర్‌లో శేషజీవితం గడిపి, 1942 జనవరి 16న మరణించాడు.

== స్మృతి చిహ్నాలు ==
విశాఖపట్నం సముద్రతీరంలో ఆయన విగ్రహం ఉన్నది. శ్రీకాకుళంలోని క్రీడామైదానానికి ఆయన పేరు పెట్టారు. వ్యాయామం మొదలుపెట్టిన కుర్రవాణ్ణి పెద్దలు కోడి రామమూర్తివి అవుతావా అని ఆటపట్టించడం తెలుగు ఇండ్లలో పరిపాటి.