ఎడ్వర్డ్ టర్నర్: అట్టముక్క మీది బొమ్మ నుంచి బోనవిల్ దాకా



నోటుబుక్ చివరి పేజీలో బైక్ బొమ్మలు గీసే పిల్లలు ప్రతి క్లాసులోనూ ఉంటారు. ఈ నెల పరిచయం వాళ్ళ కోసం. మోటార్‌సైకిల్ డిజైన్‌ను మలుపు తిప్పిన ఎడ్వర్డ్ టర్నర్ 1901లో లండన్‌లో పుట్టారు. మొదటి ప్రపంచ యుద్ధ కాలంలో ఓడలో రేడియో ఆపరేటర్‌గా పనిచేశారు. ఆ తర్వాత లండన్‌లోనే ఒక చిన్న బైక్ షాపు పెట్టుకుని, అక్కడే సొంతంగా ఒక మోటార్‌సైకిల్ తయారుచేశారు.

ఆయన దగ్గర ఒక కొత్త ఆలోచన ఉండేది. నాలుగు సిలిండర్లను ఒకే వరుసలో కాకుండా, క్యారమ్ బోర్డు నాలుగు మూలల్లా చతురస్రంగా అమర్చితే పెద్ద ఇంజిన్ కూడా చిన్న చోటులో ఇమిడిపోతుంది. దీన్ని మొదట ఒక సిగరెట్ పెట్టె అట్ట మీద గీశారని చెబుతారు. బీఎస్ఏ కంపెనీ ఈ ఆలోచనను కాదంది. ఏరియల్ కంపెనీ అధిపతి జాక్ శాంగ్‌స్టర్ మాత్రం బొమ్మ చూసి టర్నర్‌కు ఉద్యోగం ఇచ్చారు. అలా 1930లో 'స్క్వేర్ ఫోర్' బైక్ లండన్ ప్రదర్శనలో జనం ముందుకు వచ్చింది. వెనక సిలిండర్లకు గాలి సరిగా తగలక వేడెక్కే ఇబ్బంది ఉన్నా, ఆ బైక్ 1959 దాకా తయారైంది.

1936లో శాంగ్‌స్టర్ ట్రయంఫ్ మోటార్‌సైకిల్ వ్యాపారాన్ని కొని, దాని బాధ్యత టర్నర్‌కు అప్పగించారు. మరుసటి ఏడాదే 'స్పీడ్ ట్విన్' వచ్చింది. 500 సీసీ ఇంజిన్‌లో రెండు సిలిండర్లు పక్కపక్కనే నిలబడి ఉంటాయి. చూడటానికి ఒకే సిలిండర్ బైక్‌లా సన్నగా ఉంటుంది, పరుగు మాత్రం మరింత సాఫీ. అప్పటి ధర 75 పౌండ్లు. యుద్ధం ముగిశాక బీఎస్ఏ, నార్టన్, రాయల్ ఎన్‌ఫీల్డ్ వంటి కంపెనీలన్నీ అదే దారి పట్టాయి. నేడు మన రోడ్ల మీద కనిపించే ఇంటర్‌సెప్టర్ 650లోనూ సిలిండర్లు పక్కపక్కనే ఉంటాయి.

1940 నవంబరులో కోవెంట్రీ నగరం మీద జరిగిన బాంబు దాడిలో ట్రయంఫ్ ఫ్యాక్టరీ నాశనమైంది. 1942లో మెరిడెన్ అనే ఊళ్ళో కొత్త ఫ్యాక్టరీ మొదలైంది. యుద్ధం తర్వాత టర్నర్ అమెరికా మార్కెట్ మీద దృష్టి పెట్టారు. అక్కడి పొడవాటి రోడ్ల కోసం 1949లో 650 సీసీ 'థండర్‌బర్డ్' వచ్చింది. 1953 నాటి ఒక సినిమాలో మార్లన్ బ్రాండో నడిపింది ఆ బైకే. 1959లో 'బోనవిల్' వచ్చింది.

అయితే టర్నర్ కథలో రెండో వైపు కూడా ఉంది. అధికారం చేతికొచ్చాక, తన కింది ఇంజినీర్ల మాట ఆయన అంతగా చెవికెక్కించుకునేవారు కాదు. తన ఆలోచనకు ఒకప్పుడు దొరికిన ఆదరణ, తన దగ్గర పనిచేసినవాళ్ళ ఆలోచనలకు ప్రతిసారీ దొరకలేదు. 1960లో ఆయన జపాన్ వెళ్ళి హోండా, సుజుకి, యమహా ఫ్యాక్టరీలు చూశారు. అక్కడి యంత్రాలు, తయారీ వేగం చూసి, బ్రిటన్ పరిశ్రమకు గట్టి పోటీ రాబోతోందని నివేదిక రాశారు. కంపెనీ మాత్రం తగినంతగా మేలుకోలేదు. 1969లో హోండా నాలుగు సిలిండర్ల 750 సీసీ బైక్ తెచ్చేసరికి ఆలస్యమైపోయింది. టర్నర్ 1973 ఆగస్టులో కన్నుమూశారు. ఆ మరుసటి నెలలోనే మెరిడెన్ ఫ్యాక్టరీని మూసేస్తామన్న ప్రకటన వచ్చింది.

బోనవిల్ పేరుతో బైకులు ఈనాటికీ వస్తున్నాయి. దానికి మూలం ఒక కుర్రాడు గీసిన బొమ్మ, దాన్ని ఓపిగ్గా చూసిన ఒక పెద్దమనిషి. మీ పిల్లల నోటుబుక్ చివరి పేజీ ఈ ఆదివారం ఒకసారి తెరిచి చూడండి. మార్కుల సంగతి ఎత్తకుండా, ఆ బొమ్మలో ఏ భాగం ఎందుకు అలా ఉందో అడగండి. వాళ్ళు చెప్పేది పూర్తయ్యేదాకా వినండి.