కటకానికి హద్దు చెప్పినవాడు - ఎర్నస్ట్ అబ్బే

బోటనీ, జువాలజీ విద్యార్థులు రోజూ చేతపట్టే మైక్రోస్కోపును ఒకసారి పరీక్షగా చూడండి. వస్తువుకు దగ్గరగా ఉండే కటకం గొట్టం మీద 40 అనీ, దాని పక్కనే 0.65 అనీ అంకెలు చెక్కి ఉంటాయి. 40 అంటే ఎన్ని రెట్లు పెద్దది చేస్తుందో అని అందరికీ తెలుసు. మరి ఆ 0.65 ఏమిటని అడిగితే మాత్రం చాలామందిమి తల గోక్కుంటాం. ఆ చిన్న అంకె వెనుక ఒక మహనీయుడి జీవితం ఉంది. ఆయనే ఎర్నస్ట్ అబ్బే. పేరు వినగానే మన తెలుగువాళ్ళకు నవ్వు రావచ్చు. జీవితం తెలిస్తే మాత్రం చేతులెత్తి నమస్కరించాలనిపిస్తుంది.

అబ్బే 1840 జనవరి 23న జర్మనీలోని ఐసెనాఖ్ పట్టణంలో జన్మించాడు. తండ్రి నూలు మిల్లులో కార్మికుడు. రోజుకు 14 గంటలు, పని ఎక్కువైతే 16 గంటలు నిలువుకాళ్ళ మీద ఉద్యోగం. మధ్యాహ్నం భోజనానికి కూడా విరామం లేదు. చిన్నవాడైన అబ్బే ఇంటినుంచి అన్నం గిన్నె పట్టుకెళితే, తండ్రి యంత్రానికి ఆనుకుని నిలబడే నాలుగు ముద్దలు మింగి, ఖాళీ గిన్నె కొడుకు చేతికిచ్చి మళ్ళీ పనిలో పడిపోయేవాడు. కొండలాంటి మనిషి యాభై ఏళ్ళు నిండకుండానే ముసలివాడైపోయాడు. ఆ దృశ్యం కొడుకు మనసులో చెరగని ముద్ర వేసింది.

మిల్లు యజమాని కొంత సాయం చేశాడు. మిగతాది తన తెలివితేటలతోనూ, ట్యూషన్లు చెప్పుకుంటూనూ నెట్టుకొచ్చి, యేనా, గోటింగెన్ విశ్వవిద్యాలయాల్లో చదివి 1861లో డాక్టరేటు పుచ్చుకున్నాడు. 1863లో యేనాలోనే అధ్యాపకుడిగా చేరాడు.

ఆ ఊళ్ళో కార్ల్ జైస్ అనే పనిమంతుడు 1846 నుంచి మైక్రోస్కోపుల వర్క్‌షాపు నడుపుతున్నాడు. ఆ రోజుల్లో కటకాల తయారీ అంతా చేతివాటం మీదే సాగేది. అరగదియ్యడం, పెట్టి చూడడం, బాగోలేకపోతే మార్చడం. ముందుగా లెక్కకట్టి కటకం చెయ్యలేమా అన్నది జైస్ కోరిక. 1866లో ఆ భారం అబ్బే మీద పెట్టాడు.

మొదటి ప్రయత్నం బెడిసికొట్టింది. కటకంలోకి వచ్చే కాంతిని సన్నగా కుదిస్తే దోషాలు తగ్గుతాయని భావించి, లెక్క ప్రకారం కటకాలు చేయించాడు. దోషాలైతే తగ్గాయి గానీ, సూక్ష్మమైన వివరాలు కనబడకుండా పోయాయి! చేతివాటంతో చేసిన వెడల్పు కటకాలే నయమనిపించాయి. మరొకరైతే లెక్కలు కట్టిపెట్టి పాఠాలు చెప్పుకునేవారు. అబ్బే మాత్రం తప్పు ఎక్కడుందో వెతకడం మొదలుపెట్టాడు.

రాత్రివేళ దూరాన లారీ వస్తుంటే ముందు ఒకే దీపం కనిపిస్తుంది. దగ్గరికొచ్చాకే అది రెండు దీపాలని తెలుస్తుంది. రెంటినీ రెండుగా చూపగల శక్తినే రిజాల్వింగ్ పవర్ అంటారు. పెద్దది చేసి చూపడం వేరు, విడదీసి చూపడం వేరు. విడదీసే శక్తి దేనిమీద ఆధారపడుతుందో అబ్బే 1873లో తేల్చాడు. కాంతి ఒక తరంగం. సన్నని గీతల సందుల్లోంచి వచ్చేటప్పుడు అది వివర్తనం చెంది పక్కలకు విచ్చుకుంటుంది. గీతలు ఎంత సన్నమైతే అంత ఎక్కువగా విచ్చుకుంటుంది. ఆ విచ్చుకున్న కాంతిని కటకం లోపలికి తీసుకోగలిగితేనే వివరం బొమ్మలోకి వస్తుంది. సన్నగా కుదించిన కటకం దాన్ని బయటే వదిలేసింది. అదీ అసలు రహస్యం!

కటకం అందుకునే కోణాన్ని, మధ్యనున్న గాలి లేక నూనె వక్రీభవన గుణకాన్ని కలిపి ఆయన న్యూమరికల్ ఎపర్చర్ అన్నాడు. మన మైక్రోస్కోపు మీది 0.65 అదే. కాంతి తరంగదైర్ఘ్యాన్ని ఈ అంకెకు రెట్టింపుతో భాగిస్తే, విడివిడిగా కనిపించే అతి చిన్న దూరం వస్తుంది. నూనె వేసే మేలైన కటకానికైనా అది మిల్లీమీటరులో అయిదువేలవ వంతు. దూరదర్శినికీ హద్దు పెట్టేది ఈ వివర్తనమే. అక్కడ ముఖం ఎంత వెడల్పైతే, అంత దగ్గరి నక్షత్రాలను విడదీయగలదు.

కారణం తెలిశాక దారి దొరికింది. రాబర్ట్ కోఖ్ 1882లో క్షయ క్రిమిని కనుక్కున్నప్పుడు వాడింది జైస్ మైక్రోస్కోపే. 1884లో ఒట్టో షాట్‌తో కలిసి గాజు కర్మాగారం పెట్టి, కొత్తరకం గాజుతో 1886లో రంగుదోషం దాదాపు లేని కటకాలు తెచ్చారు. 1876 నుంచే వ్యాపారంలో భాగస్వామి అయిన అబ్బే పెద్ద ధనవంతుడయ్యాడు.

ఇక్కడే ఆయన గొప్పతనం చూడాలి. జైస్ 1888లో చనిపోయాడు. మరుసటి ఏడే అబ్బే ఆయన పేరిట ఒక ధర్మసంస్థ నెలకొల్పి, 1891లో తన వాటా అంతా దానికి రాసిచ్చేశాడు. లాభాల్లో భాగం విశ్వవిద్యాలయానికి అందేలా చేశాడు. కార్మికులకు జీతంతో సెలవులు, జబ్బు చేస్తే భత్యం, పింఛను ఏర్పరిచాడు. పై అధికారి జీతం కార్మికుడి సగటు జీతానికి పదిరెట్లు మించరాదన్నాడు. 1900లో తొమ్మిది గంటల పనిని ఎనిమిది గంటలు చేశాడు. అక్కడా లెక్క వదల్లేదు. ఏడాది తిరిగాక పట్టీలు తీసి చూస్తే పని తగ్గలేదు సరికదా, కాస్త పెరిగింది కూడా! అన్నం గిన్నె మోసిన పిల్లవాడు ఆ విధంగా తండ్రి ఋణం తీర్చుకున్నాడు.

అబ్బే 1905 జనవరి 14న యేనాలో కన్నుమూశాడు. ఆయన సూత్రాన్ని ఆ ఊరిలో రాతిమీద చెక్కారు. ఆయన చెప్పిన హద్దును మెరిసే అణువుల సాయంతో చాకచక్యంగా దాటినందుకు 2014లో ముగ్గురికి రసాయనశాస్త్రంలో నోబెల్ బహుమతి వచ్చింది. వారిలో ఒకరైన స్టెఫాన్ హెల్ పనిచేసింది, అబ్బే డాక్టరేటు పొందిన ఆ గోటింగెన్‌లోనే!

కాంతికి ప్రకృతి పెట్టిన హద్దును అబ్బే వినయంతో ఒప్పుకున్నాడు. పదహారు గంటల చాకిరీ మనిషి పెట్టిన హద్దు, దాన్ని మాత్రం ఒప్పుకోలేదు. రేపు లాబ్‌లో ఆ 0.65 కంటబడినప్పుడు, మిత్రులారా, ఆ అన్నం గిన్నెను కూడా ఒక్కసారి తలుచుకోండి.