చిన్న కొట్లకు చెట్టు నీడ – అడ్రియాన్ వాన్ వెల్

మస్కట్‌లో ఉన్న మనవాళ్ళకు అజైబా కొత్త కాదు. విమానాశ్రయానికి దగ్గర్లోని ఇలాంటి పేటల్లో కారు ఆపి హారన్ కొడితే చాలు, ఫుడ్‌స్టఫ్ కొట్టు కుర్రాడు పెరుగు డబ్బా తెచ్చి చేతికిస్తాడు. ఆ చిన్న కొట్టు పెద్ద సూపర్‌మార్కెట్ ధరలకు ఎన్నాళ్ళు తట్టుకుంటుంది? తొంభై ఏళ్ళ కిందటే ఈ ప్రశ్న ఎదుర్కొన్న మనిషి అడ్రియాన్ వాన్ వెల్. ఆకుపచ్చ చెట్టు గుర్తున్న స్పార్ దుకాణాలకు మూలపురుషుడు ఈయనే.

వాన్ వెల్ నెదర్లాండ్స్‌లో జెగ్‌వార్ట్ అనే ఊళ్ళో హోల్‌సేల్ వ్యాపారి. 1935లో ఆ ఊరు జూటర్‌మీర్‌లో కలిసిపోయింది. అవి ప్రపంచమంతా ఆర్థిక మాంద్యంలో ఉన్న రోజులు. ఒకే యజమాని కింద పదుల కొద్దీ శాఖలున్న గొలుసు దుకాణాలు ఫ్యాక్టరీల దగ్గరే సరుకు కొని చౌకగా అమ్ముతున్నాయి. చిల్లర కొట్లు మూతపడితే వాటికి సరుకు వేసే హోల్‌సేలర్ గతి కూడా అంతే. కాబట్టి ఆయన చేసింది ధర్మకార్యమేమీ కాదు, తన వ్యాపారాన్ని కాపాడుకోవడమే!

1932లో ఆయన చిన్న వర్తకులను ఒక్క పేరు కిందకు తెచ్చాడు. పద్ధతి తేలికే. కొట్టు ఎవరిది వారిదే, లాభనష్టాలూ వారివే. కానీ సరుకు మాత్రం అందరూ ఒకే హోల్‌సేలర్ దగ్గర తీసుకుంటారు. అన్ని కొట్ల అవసరాలూ కలిపితే పెద్ద ఆర్డరవుతుంది, బేరమాడే బలం వస్తుంది. బోర్డు ఒకటే, ప్రకటనల ఖర్చూ ఉమ్మడే. బదులుగా, ఎక్కడ చౌకైతే అక్కడ కొనే స్వేచ్ఛను కొట్టుయజమాని కొంత వదులుకోవాలి.

ఐకమత్యంతో పనిచేస్తే అందరూ ఎప్పుడూ లాభపడతారనే అర్థమున్న డచ్చి మాటల మొదటి అక్షరాలు కలిపితే డెస్పార్ అయింది. డచ్చి భాషలో ద స్పార్ అంటే క్రిస్మస్ చెట్టు జాతి వృక్షం. చెట్టు గుర్తు అలా వచ్చింది. తర్వాత పేరు ముందరి భాగం పోయినా ఇటలీలో నేటికీ డెస్పారే.

1947లో బెల్జియం చేరింది. 1953లో ఆమ్‌స్టర్‌డామ్‌లో అంతర్జాతీయ కార్యాలయం వెలిసింది. 1968లో రేమండ్ లోవీ గుర్తును తిరిగి గీశాడు. ఇప్పుడు దాదాపు 50 దేశాల్లో 13 వేలకు పైగా దుకాణాలున్నాయి.

మన దేశంలో మాత్రం కథ తిరగబడింది. ల్యాండ్‌మార్క్ గ్రూప్ ఈ పేరుతో తెరిచినవి హైపర్‌మార్కెట్లు. కిరాణా కొట్టును కాపాడటానికి పుట్టిన బోర్డు, కిరాణా కొట్టుకే పోటీగా నిలిచిందన్నమాట! ఒమాన్‌లో 2014లో లైసెన్సు తీసుకున్న ఖిమ్జీ రాందాస్ 1870 నాటి వర్తక సంస్థ, సరుకుల పంపిణీలో పండినది. వాన్ వెల్ ఉన్న చోటుకు ఇది కాస్త దగ్గర. అయితే ఏ దేశంలోనైనా, ఎవరి బోర్డైనా, తగిలించుకునే కొట్టుయజమాని ముందుగా అడగవలసినవి మూడు: సరుకులో ఎంత వంతు వాళ్ళ దగ్గరే కొనాలి, ఫ్రిజ్‌లు, అరలు ఎవరి ఖర్చు, వద్దనుకుంటే ఎలా బయటపడాలి.